కనకకుంభపురంలో నడుము నొప్పి

పదకొండవ ప్రకరణం

కనకకుంభపురం కోట గుమ్మం ముందు నిలబడి మణిశిల రాకుమారుడు కేయూరవర్మ తల పైకెత్తాడు. ఎంత ఎత్తినా చాలలేదు. ఇంకా ఎత్తితే తలపాగా జారి వెనకాల పడింది. చంకలో ఉన్న బాతు "క్వాక్" అంది.

ఆ బాతు సామాన్యమైన బాతు కాదు. మణిశిల మంత్రికుమారుడు, రాకుమారుడి ప్రాణస్నేహితుడు, పేరు మతిసాగరుడు. నెల క్రితం రాయబారిగా ఈ పట్నానికి వచ్చి, కోట ముందున్న శిలాభూతానికి దండం పెట్టమంటే "నేను వంగను" అన్నాడు. ఆ మాట నోట్లో ఉండగానే అతని ముక్కు సాగింది, వేళ్ళ మధ్య తోలు పుట్టింది, రాయబార పత్రం రెక్క కింద ఇరుక్కుంది. భటుల కాళ్ళ సందుల్లోంచి తప్పించుకుని, పదహారు ఆమడలు నడిచి, మణిశిల చేరి ఆ పత్రాన్ని రాకుమారుడి పాదాల దగ్గర పెట్టాడు. కేయూరవర్మ వెంటనే ఖడ్గం తీసుకుని బయలుదేరాడు.

కనకకుంభపురం చూడవలసిన నగరమే. ప్రతి మేడ మీదా బంగారు కుంభం, ప్రతి కుంభం మీదా ఒక నెమలి, ప్రతి వాకిట్లోనూ ముత్యాల ముగ్గు. కందకంలో ఎర్ర తామరలు విచ్చుకుంటే ఆ కాంతికి ఏనుగులు కూడా సిగ్గుపడినట్టు కనిపించేవి. ఇంత అందమూ చూసేవాడు మాత్రం ఊళ్ళో లేడు. మాంత్రికుడు జంబుకేతు ఆజ్ఞ ప్రకారం శంఖం ఊదినప్పుడల్లా జనం వంగి దండాలు పెట్టాలి. రోజుకి పన్నెండు శంఖాలు. రెండేళ్ళుగా వంగీ వంగీ ఆ ఊరివాళ్ళు ఒకరినొకరు పాదాలను బట్టి గుర్తుపట్టడం నేర్చుకున్నారు. "బాగున్నావా, బొటనవేలు వంకరా" అని పలకరించుకునేవారు.

ఆ దండాలన్నీ తిని శిలాభూతం పెరిగింది. రెండేళ్ళ కిందట అది రోకలంత ఉండేది. ఇప్పుడు దాని మోకాలు కోట బురుజును దాటింది. రేపు వసంతోత్సవం. ఊరంతా ఒక్కసారే వంగుతుంది. నిండు ఎత్తుకు తక్కువైన తొమ్మిది మూరలూ రేపటితో పూర్తవుతాయి. అప్పుడు భూతం కాళ్ళు కదిపి నాలుగు పొరుగు రాజ్యాలనూ తొక్కేస్తుంది. ఆ సంతోషానికి విందు. విందుకు మూడు వందల పన్నెండు బాతులు. ఆ బాతులన్నీ "వంగను" అన్న మనుషులే.

"మిత్రమా, చూస్తూ ఉండు. ఒకే ఒక్క వేటు," అన్నాడు కేయూరవర్మ.

బాతు అతని మోచేతిని గట్టిగా కొరికింది. వద్దని దాని భావం. రాకుమారుడికి అర్థం కాలేదు. భూతం కాలి చిటికెన వేలిని గురిచూసి ఖడ్గం విసురుగా దించాడు. ఖడ్గం మూడు ముక్కలైంది. ఒక ముక్క ఎగిరి కోట కావలివాడి తలపాగా తీసుకుపోయి కందకంలో పడేసింది.

తరవాత జరగవలసిందే జరిగింది. నగారాలు మోగాయి. యాభై మంది భటులు వెంటపడ్డారు. కేయూరవర్మ ఒక చేత బాతును, ఒక చేత ఖడ్గపు పిడిని పట్టుకుని పూల అంగడి దూకి, పాల కావిళ్ళ మధ్య నుంచి జారి, ఒక ఏనుగు కడుపు కింద నుంచి దూరి, ఏటి ఒడ్డున చాకిరేవుకి వచ్చి పడ్డాడు. అక్కడ ఒక యాభై ఏళ్ళ మనిషి బండ మీద రాజుగారి దుప్పటిని బాదుతోంది. ఆమె తల తిప్పకుండానే, "ఆ బానలో కూర్చో నాయనా. సవుడు నీళ్ళు కళ్ళలో పడకుండా చూసుకో. బాతును నాకియ్యి," అంది.

భటులు వచ్చేసరికి రేవులో ఉతికే చప్పుడు తప్ప మరేమీ లేదు.

"ఓబులమ్మా, ఇటు ఎవడైనా వచ్చాడా?" అని దళపతి అడిగాడు.

"వచ్చింది బాబూ. నీ పట్టు ధోవతి మీద పసుపు మరక వచ్చింది. పోతుందో పోదో చెప్పలేను. మీ ఆవిడ చూడకముందే రేపు పొద్దున వచ్చి తీసుకుపో."

దళపతి ముఖం మారిపోయింది. ఇంకేమీ అడగకుండా భటులను తూర్పు దిక్కుకి నడిపించాడు.

బానలోంచి తల బయటపెట్టిన రాకుమారుడి మీసాలు తెల్లబడి ఉన్నాయి. "అమ్మా, నా ప్రాణం కాపాడావు. నేను మణిశిల యువరాజును. ఈ పురప్రజలను విడిపించడానికి వచ్చాను. నా వెనక నడవమని మీ వాళ్ళతో చెప్పు," అన్నాడు.

ఓబులమ్మ దుప్పటి పిండుతూ అతన్ని పైనుంచి కింద దాకా చూసింది. "నీ వెనక ఎందుకు? నీ ముందర ఎవరున్నారు?"

"భూతం."

"మరి నువ్వు ముందు నిలబడితే ముందు బాతయ్యేది నువ్వే. మాకు ఇప్పటికే మూడు వందల పన్నెండున్నాయి."

అప్పుడామె నెమ్మదిగా సంగతి చెప్పింది. మొదట్లో ధైర్యం ఉన్నవాళ్ళు ఒక్కొక్కరే నిటారుగా నిలబడ్డారు. ఒక్కొక్కరే బాతులయ్యారు. అందులో ఆమె భర్త తిరుమలప్ప కూడా ఉన్నాడు. తరవాత పెద్దలు కలిసి రాజు సుఖాసనవర్మగారికి మనవి రాశారు. ఎండాకాలం కావడం వల్ల రాజుగారు దాన్ని మడిచి విసురుకున్నారు. పోయిన నెలలో కుమ్మరివీధి ముసలాయన ఒకడికి నిజంగానే నడుము పట్టేసింది. శంఖం ఊదినా వంగలేకపోయాడు. భటులు గద్దిస్తే, "వంగలేను బాబూ" అన్నాడు. బాతు కాలేదు.

"ఎందుకని?"

"మంత్రంలో ఉన్న మాట 'వంగను' అన్నవాడికే. 'వంగలేను' అంటే అది పని చెయ్యదు. ఆ రోజు ఇంకో ఐదుగురు కూడా 'వంగలేను' అని చూశారు. సాయంత్రానికి భూతం కాలి గోరు ఒకటి పొడైపోయింది. తినేవాడికి పెట్టకపోతే చిక్కుతాడు కదా."

ఆ రోజే నడుము నొప్పి సంఘం పుట్టింది. ఊళ్ళో ప్రతి ఇంటికీ మాసిన బట్టల కోసం వెళ్ళేది ఓబులమ్మ, ఆమె తోటివాళ్ళే. పది ఇళ్ళకు ఒకరు చొప్పున మాట కలిపారు. రేపటికి ఎవరు సిద్ధమో మడతపెట్టిన పంచె చెప్పేది. కుడి మడత అంటే ఆ ఇల్లు ఒప్పుకున్నట్టు, ఎడమ మడత అంటే ఇంకా భయపడుతున్నట్టు. పోయిన వారానికి ఊళ్ళో ఎడమ మడతలు పదకొండే మిగిలాయి.

"అంతా నడుమేనా?" అని రాకుమారుడు అడిగాడు.

ఓబులమ్మ నిట్టూర్చింది. "అక్కడే నాలుగు రోజులు పోయింది. కమ్మరివాళ్ళు మెడ నొప్పి అన్నారు. నేతవాళ్ళు మోకాలు అన్నారు. చివరికి నడుమే అని తేల్చాం. కమ్మరివీధి నాగులు మాత్రం ఒప్పుకోలేదు. మెడ నొప్పి వర్గమని వేరు పెట్టుకున్నాడు. తొమ్మిది మంది ఉన్నారు. వాళ్ళలో ఇద్దరు మళ్ళీ ఎడమ మెడ అంటున్నారు."

ఆ మధ్యాహ్నమంతా కేయూరవర్మకు మూలగడం నేర్పించింది. అతను సింహంలా గర్జించడం, మేఘంలా ఉరమడం చిన్నప్పటి నుంచీ నేర్చుకున్నాడు గాని మూలుగు మాత్రం రాలేదు. "అబ్బా" అంటే సవాలు చేసినట్టు ఉండేది. గట్టున నానబెట్టిన బట్టలు కూడా ఉలిక్కిపడేవి.

"సరేలే. నీకు వేరే పని ఉంది. అంతఃపురం వంటశాలలో నాకు మనిషి లేడు. పెద్ద వంటవాడు కూచయ్య ఎడమ మడత. రేపు మనం వంగకపోయినా, పొద్దున్నే పొయ్యి వెలిగిస్తే బాతుల గతి ఏం కావాలి? వెళ్ళి మాట్లాడు."

"ఉపన్యాసం ఇస్తాను."

"ఇవ్వకు. ఆయనకేం చేతనవుతుందో అడుగు, చాలు."

కాసేపటికి ఓబులమ్మ ఆడపడుచు వేషంలో మణిశిల యువరాజు కోట వెనక గుమ్మంలో నిలబడ్డాడు. తల మీద ఉతికిన బట్టల మూట, ముక్కు దాకా ముసుగు, కొంగు కింద చంకలో బాతు. మీసం తీయడానికి మాత్రం వంశ గౌరవం అడ్డొచ్చింది.

"ముసుగెందుకు?" అని కావలివాడు అడిగాడు.

"పంటి నొప్పి," అన్నాడు కేయూరవర్మ సన్నని గొంతుతో.

"ఊళ్ళో ఏదో గాలి వీస్తోంది. మా అమ్మకి నడుము, మా అత్తకి నడుము," అని గొణిగి అతను దారి ఇచ్చాడు.

వంటశాల ఒక చిన్న ఊరంత ఉంది. పొయ్యిలు అరవై, గంగాళాలు ఏనుగులు స్నానం చేసేటంత. గోడ పొడవునా వెదురు బుట్టల్లో మూడు వందల పన్నెండు బాతులు. వాటి మధ్య కూచయ్య, కొండంత మనిషి, ఉల్లిపాయ ఒకటి చేతిలో పట్టుకుని ఏడుస్తున్నాడు.

"ఉల్లిపాయ అంత ఘాటుగా ఉందా?" అని రాకుమారుడు అడిగాడు.

"ఇంకా తరగనే లేదమ్మా. వీటిలో మా తమ్ముడున్నాడు. మూడు రోజులుగా సాంబయ్యా, సాంబయ్యా అని పిలుస్తున్నాను. అన్నీ పలుకుతున్నాయి."

రాకుమారుడి గొంతులోకి ఉపన్యాసం వచ్చేసింది. ధర్మం గురించీ, సూర్యచంద్రుల గురించీ రెండు వాక్యాలు చెప్పాడు. కూచయ్య మరింత ఏడ్చాడు. అప్పుడు ఓబులమ్మ మాట గుర్తుకొచ్చి ఆగి, "కూచయ్యా, నీకేం చేతనవుతుంది?" అని అడిగాడు.

కూచయ్య ఏడుపు ఆపి ఆలోచించాడు. "ఆలస్యం చెయ్యడం చేతనవుతుంది. ముప్పై ఏళ్ళుగా అదే చేస్తున్నాను. ఇన్ని బాతులకి మసాలా నూరాలంటే రోళ్ళు కడగాలి. రోళ్ళు కడగాలంటే గాడిపొయ్యి దగ్గరి బూడిద కావాలి. బూడిద కావాలంటే పొయ్యి చల్లారాలి. పొయ్యి చల్లారితే కట్టెలు మార్చాలి. కట్టెలు తడిసిపోయాయనుకో, ఎండాలి." చెప్పేకొద్దీ అతని ముఖం వెలిగింది. "మధ్యాహ్నం దాకా లాగగలను. ఆ పైన నా వల్ల కాదు."

"అంతవరకు చాలు."

సరిగ్గా అప్పుడే గుమ్మం దగ్గర పాంకోళ్ళ చప్పుడైంది. వంటవాళ్ళు అరవై మందీ వంగి గోడకి అతుక్కుపోయారు. జంబుకేతు లోపలికి వచ్చాడు. తాటి చెట్టుకి నల్ల గొంగళి కప్పినట్టున్న మనిషి. గడ్డం మూడు పాయలు. ఒక్కో పాయ కొసన ఒక్కో తేలు.

"ఈ ముసుగు మనిషి ఎవరు? ఎందుకు వంగలేదు?" అన్నాడు.

కేయూరవర్మ నోట్లోకి "వంగను" అనే మాట దాదాపు వచ్చింది. క్షత్రియుడి నాలుక అలా తయారై ఉంది. దాన్ని మింగి, "వంగలేను స్వామీ. నడుము నొప్పి," అన్నాడు. మూలుగు రాలేదు. మాంత్రికుడి కనుబొమలు పైకి లేచాయి. గడ్డంలో తేళ్ళు కదిలాయి.

కొంగు కింద మతిసాగరుడు ఆలోచించాడు. తరవాత స్నేహితుడి నడుము మీద, ఎముక పక్కన మెత్తని చోటు వెతుక్కుని, ప్రాణం పెట్టి కొరికాడు.

రాకుమారుడి నోటి నుంచి వచ్చిన మూలుగుకు గంగాళాలు ప్రతిధ్వనించాయి. ఒక వంటవాడు జాలితో కన్నీళ్ళు పెట్టుకున్నాడు. జంబుకేతు చేయెత్తి మంత్రం పఠించాడు. ఏమీ కాలేదు. ముక్కు సాగలేదు.

"వాము నూనె రాయించుకో," అన్నాడు జంబుకేతు అయిష్టంగా. వెళ్ళబోతూ గుమ్మంలో ఆగాడు. "మొన్న కుమ్మరివీధిలోనూ ఇదే నొప్పి. ఈ మంత్రంలో ఒక మాట తక్కువైనట్టుంది. రేపు సరిచేస్తాను."

మరునాటి సూర్యోదయానికి కోట ముందు మైదానంలో నలభై వేల మంది నిలబడ్డారు. గులాబీ నీళ్ళు చల్లారు, ఏనుగులకు పట్టు గుడ్డలు కప్పారు, వేదిక మీద సుఖాసనవర్మ మహారాజు దిండ్ల మధ్య ఒరిగారు. ఆయన పక్కన జంబుకేతు. అందరి వెనకా మబ్బుల్లో తల దూర్చి శిలాభూతం. కేయూరవర్మ బాతును చంకలో పెట్టుకుని జనం మధ్యలో, ఓబులమ్మకి రెండు వరసల వెనక నిలబడ్డాడు. మధ్యలో నిలబడటం అతనికి అదే మొదటిసారి. చుట్టూ భుజాలు తగులుతున్నాయి. ఎవరి గుండె కొట్టుకుంటోందో తెలియడం లేదు.

మొదటి శంఖం మోగింది.

ఒక్క నడుము కూడా వంగలేదు. ఎక్కడో ఒక ముసలమ్మ "అమ్మా, నా నడుమో" అంది. ఆ వెంటనే నలభై వేల మంది మూలిగారు. ఏనుగులు భయపడి కూర్చున్నాయి. భూతం భుజం మీది నుంచి బండరాళ్ళు రాలి, అది ఒక మూర పొట్టిదైంది.

జంబుకేతు అంతా గ్రహించాడు. రెండు చేతులూ పైకెత్తి కొత్త మంత్రం మొదలుపెట్టాడు. నూట ఎనిమిది మాటల మంత్రం. అది పూర్తయితే వంగలేనివాళ్ళు కూడా బాతులే. భటులకు సైగ చేశాడు. "పట్టుకుని వంచండి."

భటులు జనం మీదికి వచ్చారు. దళపతి ఒక ముసలాయన మెడ మీద చేయి వేసి, ఆయనను వంచాలంటే తానూ వంగాలని గ్రహించాడు. కాసేపు ఆలోచించాడు. తరవాత నడుము పట్టుకుని, "నాకు రాత్రి నుంచీ ఇక్కడే," అన్నాడు. అతని వెనక భటులందరికీ అక్కడే పట్టేసింది.

రెండో శంఖం. మూలుగులు. భూతం బురుజుల స్థాయికి దిగింది. జంబుకేతు నోట ఎనభై మాటలు పూర్తయ్యాయి. వాటి వేడికి గాలి నల్లబడింది. ముందు వరసలో జనానికి ముక్కులు దురద పెట్టడం మొదలైంది. ఒక నేతగాడు వణుకుతూ వంగబోయాడు. ఓబులమ్మ అతని చేయి పట్టుకుని, "మూలుగు అన్నా, గట్టిగా మూలుగు. నేనున్నాను," అంది. అతను మూలిగాడు. చేయి మాత్రం వదలలేదు. పక్కవాడు అతని రెండో చేయి పట్టుకున్నాడు. అలా పట్టుకుంటూ పోతే మైదానం చివర దాకా చేతులు కలిసిపోయాయి.

అప్పుడే కమ్మరివీధి నాగులుకు ఆవేశం వచ్చింది. అరుగు మీదికెక్కి, "మెడ అయినా, నడుమైనా, మేం వంగము గాక వంగము" అని కేకపెట్టాడు. కేక చివరి సగం "క్వాక్" అయింది. మెడ నొప్పి వర్గంలో మిగిలిన ఎనిమిది మందీ గబగబా నడుములు పట్టుకున్నారు.

ఇక ఇరవై మాటలు. జంబుకేతు మహారాజు వైపు తిరిగి, "ప్రభూ, మీరైనా వంగండి. రాజు దండం లక్ష దండాలతో సమానం" అని అరిచాడు.

సుఖాసనవర్మ దిండ్ల మీద అటూ ఇటూ కదిలారు. "వంగేవాడినే జంబూ. రెండేళ్ళుగా కూర్చునే ఉన్నాను కదా. నాకు నిజంగానే పట్టేసింది," అన్నారు. ఆ మాటల్లో అబద్ధం లేదు. ఆయన కళ్ళలో నీళ్ళు కూడా ఉన్నాయి.

మూడో శంఖం ఊదేవాడు శంఖం ఎత్తి, నడుము పట్టుకుని, ఒరిగి, ఎలాగో ఊదాడు. నలభై వేల మూలుగులు ఒక్కటై లేచాయి. భూతం కొండ జారినట్టు జారింది. బురుజంత, గుమ్మమంత, మనిషంత, గాడిదంత, చివరికి వేదిక మీద రోకలంత రాయి టక్కున పడి దొర్లింది. నూట రెండో మాట దగ్గర జంబుకేతు గొంతు కీచుమని ఆగిపోయింది.

వంటశాల వైపు నుంచి పెద్ద గోల వినిపించింది. మూడు వందల పన్నెండు వెదురు బుట్టలు ఒక్కసారి పగిలాయి. తడి కట్టెల పొగలోంచి మనుషులు దగ్గుతూ, ఈకలు దులుపుకుంటూ బయటికొచ్చారు. వాళ్ళ ముందు కూచయ్య, తమ్ముణ్ణి భుజాన వేసుకుని. ఓబులమ్మ కదలకుండా నిలబడి ఒక్కొక్క ముఖమే చూసింది. చిట్టచివర నడిచి వచ్చిన బక్క మనిషిని చూసి, అతని జుట్టులో ఇరుక్కున్న ఈకను తీసి పారేసింది.

అరుగు మీద నాగులు మళ్ళీ మనిషయ్యాడు. కేయూరవర్మ చంక ఉన్నట్టుండి బరువెక్కింది. మతిసాగరుడు కింద పడి లేచి ఊపిరి తీసుకోకుండా మొదలుపెట్టాడు. "నెల నుంచీ చెబుతున్నాను, ఒక్క ముక్క వింటేనా? వేలు నరకవద్దన్నాను, విన్నావా? అదిగో, అటు చూడు."

వేదిక మీద జంబుకేతు ఆ రోకలంత రాయిని గొంగళిలో చుట్టుకున్నాడు. పాంకోళ్ళు ఠకఠకలాడించాడు. అవి నిప్పులు కక్కుతూ అతన్ని గాలిలోకి లేపాయి. భటులు విసిరిన బల్లేలు అందలేదు. నల్లని చుక్కై పడమటి కొండల మీదుగా వెళ్ళిపోయాడు.

మైదానంలో జయజయధ్వానాలు. కొందరు కేయూరవర్మను భుజాల మీదికెత్తి, "మా రాజువు నువ్వే" అన్నారు. అతనికి సంతోషం వేసి ఏదో చెప్పబోయాడు. ఓబులమ్మ కింద నుంచి, "దింపండయ్యా, ఇప్పుడే లేచాం. మళ్ళీ ఎవరి కిందికో దూరడమెందుకు? రేవు దగ్గర వీధికి ఇద్దరు చొప్పున రండి, మాట్లాడుకుందాం," అంది. వాళ్ళు కొంచెం నిరాశతో దింపారు.

"ఆ మాంత్రికుడు ఎటు పోయాడో గమనించావా?" అని మతిసాగరుడు అడిగాడు. "పడమర. మణిశిల. మీ తండ్రిగారి కొలువులో పొద్దున మూడు దండాలు, సాయంత్రం మూడు. పండగ రోజుల్లో సాష్టాంగం. వంగేవాళ్ళలో సగం మంది సామంతరాజులు, రాజు దండం లక్షతో సమానమని విన్నావుగా. ఆ రాయికి అంతకన్న మంచి మేత ఎక్కడ దొరుకుతుంది? నాలుగు రోజుల్లో మళ్ళీ కొండంతవుతుంది."

కేయూరవర్మ ముఖం వాడిపోయింది. "మా తండ్రిగారు మంచివారు."

"మంచివారే అయి ఉంటారు," అంది ఓబులమ్మ. "రాయికి ఆ తేడా తెలియదు కదా."

అతను ఖడ్గం కోసం నడుము తడిమాడు. పిడి మాత్రమే ఉంది. దాన్ని చూసి, పడమటి కొండల వైపు చూసి, "అమ్మా, నాతో రా. సేన కావాలంటే ఇస్తాను, ఏనుగులు ఇస్తాను. నాలుగు రోజుల్లో ఏం చెయ్యాలో చెప్పు," అన్నాడు.

ఓబులమ్మ భర్త చేతికి ఇంటి తాళం ఇచ్చి, రేవు దగ్గరి గాడిదను విప్పి, దాని మీద మూట కట్టింది. ఎక్కి కూర్చున్నాక అడిగింది.

"మీ ఊళ్ళో బట్టలు ఉతికేదెవరు నాయనా?"

కేయూరవర్మ నోరు తెరిచాడు. పుట్టినప్పటి నుంచీ రోజుకి నాలుగు జతలు మార్చినవాడు. ఒక్క పేరు కూడా గుర్తుకు రాలేదు.

"తెలియదు," అన్నాడు.

"అయితే దారిలో ఆలోచించు," అని ఆమె గాడిదను పడమరకు అదిలించింది. వెనక మతిసాగరుడు మాట్లాడుతూనే పరిగెత్తాడు. పాంకోళ్ళ నిప్పులు రాలిన కొండల మీద అప్పుడే మొదటి పొగ లేస్తోంది.